తీగ మీద వెళ్లే పని, రోడ్డు మీద ఇరుక్కున్న మనిషి

వాన వెలిసిన ఒక సాయంత్రం రాయదుర్గం నుంచి కొండాపూర్ వైపు షేర్ ఆటోలో ఇరుక్కుని ఉన్నాను. ఇరుక్కోవడం రెండు రకాలుగా. లోపల ఆరుగురం, బయట కనుచూపు మేర బండ్లు. నా పక్కన కూర్చున్న కుర్రాడు మోకాళ్ల మీద ల్యాప్‌టాప్ తెరిచి, ఫోన్‌లో హాట్‌స్పాట్ పెట్టుకుని, అమెరికా వాళ్లతో మాట్లాడుతున్నాడు. "నా స్క్రీన్ కనిపిస్తోందా?" అని ఇంగ్లీషులో మూడోసారి అడిగాడు. డ్రైవర్ వెనక్కి తిరిగి "మాకైతే బస్సు తప్ప ఏం కనిపిస్తలేదు సార్" అన్నాడు. అందరం నవ్వాం. కాల్ అయిపోయాక డ్రైవరే మళ్లీ అందుకున్నాడు. "ఆటోల కూసోనే పని చేస్తున్నరు గదా సార్, మల్ల ఆఫీసుకు ఎందుకు పోవుడు?"

కుర్రాడు "మా మేనేజర్‌ని అడగాలన్నా" అని నవ్వేసి ఊరుకున్నాడు. నాకు మాత్రం ఆ ప్రశ్న దిగిన తర్వాత కూడా వదల్లేదు. చూడటానికి చిన్నదే గానీ, హైదరాబాద్ పాతికేళ్లుగా ఈ తీరున ఎందుకు పెరిగిందో అడగాలంటే అడగాల్సింది ఇదే.

బొగ్గు అక్కడ ఉంది కాబట్టి సింగరేణి కొత్తగూడెంలో ఉంది. నరికిన చెరకును ఎక్కువ దూరం మోస్తే రసం తగ్గిపోతుంది కాబట్టి చక్కెర ఫ్యాక్టరీని చెరకు తోటలకు దగ్గర్లో పెడతారు. సాఫ్ట్‌వేర్‌కి ఇలాంటి కట్టుబాటు ఏదీ లేదు. ముడిసరుకు లేదు, లారీ లేదు, గోడౌన్ లేదు. 1985లో టెక్సస్ ఇన్‌స్ట్రుమెంట్స్ బెంగళూరులో ఆఫీసు పెట్టి, చేసిన డిజైన్ పనిని ఉపగ్రహం ద్వారా అమెరికాకు పంపడం మొదలుపెట్టినప్పుడే ఈ సరుకుకు రోడ్డుతో పనిలేదని తేలిపోయింది. లెక్క ప్రకారమైతే నర్సాపురంలో కాలువ గట్టున కూర్చునో, నల్గొండలో ఇంటి అరుగు మీద కూర్చునో చేసుకోవచ్చు.

జరిగింది దీనికి పూర్తిగా తలకిందులు. రోడ్డు అక్కర్లేని పని వెళ్లి వెళ్లి ట్రాఫిక్‌కి పేరుపడ్డ చోటే కుప్పపడింది. తెలంగాణ ప్రభుత్వ లెక్కల్లో 2013-14 నాటికి ఐటీ ఉద్యోగులు 3.23 లక్షలు, 2022-23 నాటికి 9.05 లక్షలు. వీళ్లలో ఎక్కువమంది పనిచేసే మాదాపూర్, రాయదుర్గం, గచ్చిబౌలి, నానక్‌రాంగూడ, కొండాపూర్ అన్నీ కలిపినా ఆదివారం పొద్దున స్కూటర్ మీద ఓ గంటన్నరలో చుట్టి రావచ్చు. సోమవారం సాయంత్రం మాత్రం ప్రయత్నించకండి.

బావి చుట్టూ జనం

మొదట్లో దీనికి కారణం సాంకేతికమే. ఇప్పుడు ఇంటింటికీ ఫైబర్ వచ్చింది కాబట్టి మర్చిపోయాం గానీ, తొంభైల్లో విదేశాలకు డేటా లింకు అంటే బంగారం. ప్రతి కంపెనీ సొంతంగా యాంటెనా పెట్టుకోలేదు. దానికి డబ్బూ కావాలి, ఢిల్లీ అనుమతులూ కావాలి. 1991లో కేంద్రం సాఫ్ట్‌వేర్ టెక్నాలజీ పార్క్స్ ఆఫ్ ఇండియా అనే సంస్థ పెట్టి, ఎగుమతి చేసే కంపెనీలకు లింకు, పన్ను రాయితీ, దిగుమతి సుంకం మినహాయింపు అన్నీ ఒకేచోట దొరికేలా చేసింది. ఊరంతటికీ ఒకే బావి ఉంటే బిందెలన్నీ అక్కడికే చేరతాయి. లింకు కూడా అలాంటి బావే.

ఆ బావిని మాదాపూర్‌లో తవ్వాలనుకున్నది ప్రభుత్వం. చంద్రబాబు నాయుడు ముఖ్యమంత్రిగా ఉన్నప్పుడు పరిశ్రమలకు స్థలాలు, వసతులు చూసే ప్రభుత్వ సంస్థ ఏపీఐఐసీ, నిర్మాణ కంపెనీ ఎల్ అండ్ టీ కలిసి కట్టిన సైబర్ టవర్స్‌ను 1998 నవంబర్ 22న ప్రధాని వాజ్‌పేయి ప్రారంభించారు. లోపల కరెంటు, జనరేటర్లు, డేటా లైన్లు అన్నీ సిద్ధం. కంపెనీ వచ్చి కంప్యూటర్లు పెట్టుకుంటే చాలు. చుట్టూ చూస్తే తుప్పలు, రాతిగుట్టలు, కాస్త ఇవతల శిల్పారామం. అదే ఏడాది మైక్రోసాఫ్ట్ తన డెవలప్‌మెంట్ సెంటర్‌ను హైదరాబాద్‌లో తెరిచింది. అదే ఏడాది గచ్చిబౌలిలో ట్రిపుల్ ఐటీ మొదలైంది. 2000 మార్చిలో క్లింటన్ వచ్చి వెళ్లాడు. 2001లో ఐఎస్‌బీ అనే బిజినెస్ స్కూల్ వచ్చింది. ఊరికి ఆ మూలన ప్రభుత్వం చేతిలో భూమి ఉంది, చవగ్గా ఉంది, అడ్డం పడే పాత బస్తీ సందులు లేవు. ఇన్ని కంపెనీలు అక్కడికి రావడం వెనక మేధస్సు ఎంత ఉందో, రెవెన్యూ రికార్డు కూడా అంతే ఉంది.

తర్వాత బావులు ఎన్నో వచ్చాయి. సముద్రం అడుగున కేబుళ్లు పడ్డాయి, బ్యాండ్‌విడ్త్ చవకైపోయింది. ఇక జనం చెదరాలి కదా? ఇక్కడే చట్టం అడ్డుపడింది. ఈ సంగతి ఐటీలో పదేళ్లు పనిచేసిన వాళ్లలో కూడా చాలామందికి తెలియదు.

2005లో ప్రత్యేక ఆర్థిక మండళ్ల చట్టం, అదే మనం సెజ్ అంటామే, అది వచ్చింది. అంతకు ముందున్న సాఫ్ట్‌వేర్ పార్కుల పన్ను మినహాయింపు 2011 మార్చి 31తో ముగిసిపోవడంతో కొత్త పనులన్నీ సెజ్‌ల వైపు మళ్లాయి. అక్కడ కొత్తగా పెట్టిన యూనిట్‌కు అప్పట్లో మొదటి ఐదేళ్లు ఎగుమతి లాభం మీద ఆదాయపు పన్ను మినహాయింపు పూర్తిగా ఉండేది, తర్వాతి ఐదేళ్లు సగం. అయితే ఆ లాభం సెజ్ లోపల ఉన్న యూనిట్‌లో వచ్చినదై ఉండాలి. కస్టమ్స్ దృష్టిలో సెజ్ అంటే దేశపు సుంకాల సరిహద్దుకు అవతల ఉన్న నేల. అంటే మాదాపూర్ రోడ్డు మీద నుంచి అలాంటి ఒక క్యాంపస్ గేటు దాటితే, సుంకాల లెక్కలో మీరు దాదాపు విదేశంలో అడుగుపెట్టినట్టే. సుంకం కట్టకుండా తెచ్చుకున్న కంప్యూటర్‌ను ఆ గేటు నుంచి బయటికి తేవాలంటే కాగితాలు ఉండాలి. కాల్ సెంటర్లది ఇంకో చిక్కు. టెలికాం శాఖ నిబంధనల ప్రకారం అవి ఫలానా చిరునామాలో పనిచేస్తామని నమోదు చేసుకోవాల్సి వచ్చేది, ఇంటి నుంచి పనికి సవాలక్ష షరతులు ఉండేవి. ఆ షరతుల్ని చాలావరకు సడలించింది 2020 నవంబర్‌లో. సెజ్‌లలో సగం మంది దాకా ఇంటి నుంచి పనిచేయొచ్చని రూలు రాసింది 2022 జూలైలో.

అంటే పనేమో తీగ మీద పోతుంది, పన్ను రాయితీ మాత్రం సర్వే నంబరుకు కట్టేసి ఉంది. ఆటో డ్రైవర్‌కి ఆ రోజు ఈ మాట చెప్పగలిగితే బాగుండేది. రాయితీల గురించి ఏమనేవాడో గానీ, సర్వే నంబర్ల సంగతి మనకన్నా బాగానే తెలిసి ఉంటుంది.

ఎదురు బిల్డింగ్

అయితే చట్టం కారణం ఒక్కటే అయితే, దాన్ని సడలించగానే గుంపు చెదిరిపోవాలి. 2020 మార్చిలో లాక్‌డౌన్ వచ్చి ఆ పరీక్ష కూడా పెట్టేసింది. రెండేళ్లపాటు ఊళ్లలో మేడల మీద, మామిడి చెట్ల కింద ల్యాప్‌టాప్‌లు తెరుచుకున్నాయి. మా పిన్ని వాళ్లబ్బాయి పొలం గట్టున సిగ్నల్ బాగా వస్తుందని అక్కడ ప్లాస్టిక్ కుర్చీ వేసుకుని కాల్స్ మాట్లాడేవాడు. నేపథ్యంలో కోడి కూస్తే అవతలి అమెరికన్ మురిసిపోయేవాడట. పని ఎక్కడా ఆగలేదు. కంపెనీలు లాభాలు చూపించాయి. అయినా తర్వాత ఒక్కొక్కరే తిరిగొచ్చారు. ఆఫీసుకు రమ్మని మెయిల్స్ వచ్చాయి కాబట్టి వచ్చారన్నది నిజమే. కానీ మెయిల్ రాని వాళ్లు కూడా కొంతమంది వచ్చారు. మా వాడూ వాళ్లలో ఒకడు. "అక్కడుంటే ఏం తెలీట్లేదు అన్నయ్యా, ఎవడు ఎక్కడికి మారుతున్నాడో, ఎంత హైక్ ఇస్తున్నారో" అన్నాడు.

నా దృష్టిలో అసలు విషయమంతా ఆ మాటలో ఉంది. సాఫ్ట్‌వేర్ మనిషి తన ఆఫీసుకు దగ్గరగా ఉండడానికి మాదాపూర్ రాడు. తన తర్వాతి ఆఫీసుకు దగ్గరగా ఉండడానికి వస్తాడు.

ఈ రంగంలో జీతం బాగా పెరగాలంటే కంపెనీ మారడమే మార్గమని అందరికీ తెలుసు. మారాలంటే ఎదురు బిల్డింగ్‌లో ఇంకో కంపెనీ ఉండాలి. లంచ్ టైమ్‌లో టీ కొట్టు దగ్గర పాత కొలీగ్ కనిపించాలి, "మా దగ్గర ఓపెనింగ్ ఉంది, రెజ్యూమె పంపు" అనాలి. పేపర్లు పెట్టేశాక, అంటే రాజీనామా ఇచ్చాక, తొంభై రోజుల నోటీస్ పీరియడ్‌లో చేతిలో ఉన్న ఆఫర్ చూపించి ఇంకో రెండు ఆఫర్లు తెచ్చుకోవాలి. ఉద్యోగం పెరగడానికే కాదు, పోయినప్పుడు నిలబడడానికీ ఎదురు బిల్డింగే దిక్కు. 2009 జనవరి 7న సత్యం కంప్యూటర్స్ అధినేత రామలింగరాజు కంపెనీ ఖాతాల్లో చూపించిన వేల కోట్లు అసలు లేవని ఒప్పుకుంటూ లేఖ రాసినప్పుడు, ఒక్క పూటలో వేల కుటుంబాలకు ఈఎంఐ టెన్షన్ పట్టుకుంది. ఆ ఏడాదే టెక్ మహీంద్రా ఆ కంపెనీని తీసుకుంది. ఆ మధ్య నెలల్లో ఆ ఉద్యోగులు ఎక్కడికి వెళ్లి తలుపు తట్టారో వేరే చెప్పాలా.

భార్యాభర్తలిద్దరూ ఐటీ అయితే ఈ లెక్క రెట్టింపు. ఒకరికి ఉద్యోగం దొరికే ఊరు చాలదు, ఇద్దరికీ దొరకాలి, ఇద్దరూ మారినా మళ్లీ దొరకాలి. కరీంనగర్‌లో, ఖమ్మంలో 2020లో ప్రభుత్వం ఐటీ టవర్లు కట్టి తెరిచింది. మంచి భవనాలు. సొంతూళ్లో, అమ్మ చేతి వంట తింటూ పనిచేసుకోవచ్చు. కానీ అక్కడ చేరే కుర్రాడి మనసులో మెదిలే ప్రశ్న ఒకటే: ఇది పోతే పక్కన ఏముంది? ఒక్క టవర్ కడితే ఆఫీసు అవుతుంది, ఎదురు బిల్డింగ్ కాదు.

కంపెనీ వైపు నుంచి చూసినా ఇదే కథ. అమెరికా క్లయింట్ ఒప్పందం మీద సంతకం పెట్టి, నెలలో నలభై మంది కావాలంటాడు. ఆ నలభై మందిని మూడు కిలోమీటర్ల వలయంలో ఏరుకోగలిగిన చోటే కంపెనీ ఆఫీసు తీసుకుంటుంది. ఇప్పుడు ఇంకో తమాషా కూడా ఉంది. నాకు తెలిసిన ఒకమ్మాయి రోజూ గంటన్నర ప్రయాణం చేసి ఆఫీసుకు వెళ్లి, హెడ్‌ఫోన్స్ పెట్టుకుని, పుణెలో ఒకరితో, టెక్సస్‌లో ఇద్దరితో మాట్లాడి, మళ్లీ గంటన్నర ప్రయాణం చేసి ఇంటికొస్తుంది. ఆ ఆఫీసులో ఆమె టీమ్ వాళ్లు ఒక్కరు కూడా లేరు. పక్క సీటు వాళ్ల పేరు తెలియడానికి నాలుగు నెలలు పట్టిందట.

ఈ గుంపులోకి మనుషుల్ని అందించే మోటారు అమీర్‌పేటలో ఉంది. మైత్రీవనం, ఆదిత్య ఎన్‌క్లేవ్, నీలగిరి బ్లాక్, అన్నిటి నిండా సాఫ్ట్‌వేర్ కోర్సుల కోచింగ్ సెంటర్లే. గోడ కనిపించకుండా బోర్డులు, చేతిలో పెట్టే పాంప్లెట్లు, పొద్దున ఏడింటికి డెమో క్లాసు, "రియల్ టైమ్ ఫ్యాకల్టీ" అనే హామీ. 2000 సంవత్సరంలో కంప్యూటర్లలో తేదీలు తిరగబడతాయన్న వై2కే భయం ప్రపంచాన్ని పట్టుకున్నప్పుడు పాత కోబోల్ భాష వచ్చినవాళ్లు కావాల్సొచ్చారు. అప్పటి నుంచి అమీర్‌పేట ఆగలేదు. జావా వచ్చింది, టెస్టింగ్ వచ్చింది, శాప్ వచ్చింది, డెవాప్స్ వచ్చింది, ఇప్పుడు బోర్డుల మీద ఏఐ. ఫ్లెక్సీ మారుతుంది, మెట్లు అవే, కింద మిర్చి బజ్జీల బండీ అలాంటిదే. ఫేక్ ఎక్స్‌పీరియన్స్ పెట్టించే దందా కూడా ఈ సందుల చుట్టూనే తిరుగుతుందని అందరికీ తెలుసు, ఎవరూ గట్టిగా మాట్లాడరు. 2019 మార్చి 20న అమీర్‌పేట నుంచి హైటెక్ సిటీకి మెట్రో మొదలైంది. కోర్సు పూర్తిచేసిన దగ్గర రైలెక్కి, ఉద్యోగం దొరికే దగ్గర దిగొచ్చు. జిల్లాల నుంచి వచ్చిన ఒక తరం జీవితాన్ని ఆ ఒక్క లైను మీద గీసి చూపించొచ్చు.

కర్రీ పాయింట్ దాకా

ఇన్ని లక్షల మంది ఒకేచోట ఉంటే వాళ్ల ఆకలి, నిద్ర, బట్టలు, పెళ్లి అన్నీ అక్కడే తీరాలి. ఐటీ హైదరాబాద్‌ను మార్చిందంటే అందరూ అద్దాల బిల్డింగుల ఫొటో పెడతారు. నేనైతే కర్రీ పాయింట్ ఫొటో పెడతాను.

సాయంత్రం ఆరున్నరకు కొండాపూర్ సందులో ఏ కర్రీ పాయింట్ ముందైనా నిలబడి చూడండి. స్టీలు డబ్బాల్లో పప్పు, సాంబారు, బెండకాయ వేపుడు, గుత్తివంకాయ, రోటి పచ్చడి, ఓ పక్కన కోడికూర. కుర్రాడు గరిటెతో తీసి ప్లాస్టిక్ కవర్లో పోసి, మూతి మెలిపెట్టి ఒక్క విసురుతో ముడేస్తాడు. ఆ ముడి వాడి విద్య, ఇంటికెళ్లి విప్పాలంటే పళ్లతో కొరకాల్సిందే. అన్నం మాత్రం ఎవరింట్లో వాళ్లు కుక్కర్‌లో పెట్టుకుంటారు. ఇది హోటల్ కూడా కాదు, ఇంటి వంట కూడా కాదు. ఇద్దరూ ఏడింటికి ఇల్లు చేరి, ఎనిమిదింటికి మళ్లీ కాల్‌లో కూర్చోవాల్సిన ఇంటికి అచ్చంగా సరిపోయే ఏర్పాటు. "కూర బయట తెచ్చుకున్నాం" అనడం ఒకప్పుడు కోడలికి మాట తెచ్చే సంగతి. ఇప్పుడు అత్తగారే ఫోన్ చేసి "ఆ మూల కొట్టులో పప్పుచారు బావుంటుంది, అక్కడ తీసుకో" అంటున్నారు. ఇంటి పనిలో ఆడామగా సమానత్వం గురించి ఏ ఉపన్యాసమూ చేయలేని పని ఈ కవర్ల ముడి కొంత చేసింది. కొంతే. ఆ కూరలు వండేవాళ్లూ ఎక్కువగా ఆడవాళ్లే.

హాస్టళ్లది ఇంకో లోకం. అంజయ్య నగర్, సిద్ధిఖ్ నగర్, అయ్యప్ప సొసైటీ. ఇరుకు స్థలంలో ఐదారు అంతస్తులు, ప్రతి గేటుకూ "లగ్జరీ" అని బోర్డు. టూ షేరింగ్, త్రీ షేరింగ్, ఫోర్ షేరింగ్. గుంటూరు వాడు, నిజామాబాద్ వాడు, ఒడిశా వాడు ఒకే గదిలో మూడు మంచాల మీద ఉంటారు. ఊళ్లో ఎదుటివాడి కులం తెలుసుకున్నాకే పలకరించే మనుషుల పిల్లలు ఇక్కడ ఒకే బకెట్ పంచుకుంటారు. కులం పోయిందని చెప్పడం లేదు. పెళ్లి దగ్గరికొచ్చేసరికి అది నిక్షేపంగా తిరిగొస్తుంది, పక్కన ప్యాకేజీ అంకె పెట్టుకుని మరీ.

ఇక గడియారం. భారతదేశంలో వేసవికో సమయం, చలికాలానికో సమయం అనేది లేదు. మాదాపూర్‌లో ఉంది. అమెరికాలో మార్చి రెండో ఆదివారం గడియారాన్ని గంట ముందుకు, నవంబర్ మొదటి ఆదివారం గంట వెనక్కి జరుపుతారు. న్యూయార్క్‌లో పొద్దున తొమ్మిదింటి మీటింగ్ వేసవిలో మనకు సాయంత్రం ఆరున్నర, చలికాలంలో ఏడున్నర. కాలిఫోర్నియాదైతే రాత్రి తొమ్మిదిన్నర, తర్వాత పదిన్నర. అలా ఏడాదికి రెండుసార్లు, ఎక్కడో ఎవరో గడియారం తిప్పితే, కూకట్‌పల్లిలో పిల్లాడికి అన్నం తినిపించే వేళ మారుతుంది, క్యాబ్ డ్రైవర్ నిద్ర మారుతుంది, అర్ధరాత్రి ఇడ్లీ బండి మూసే టైమ్ మారుతుంది. ఆ ఇడ్లీ బండాయనకు డేలైట్ సేవింగ్ అనే మాట తెలియదు. "నవంబర్ వస్తే గిరాకీ గంట లేటుగా ఉంటది" అని మాత్రం తెలుసు.

వాన పడితే ఈ గుంపు బలహీనత బయటపడుతుంది. 2023 జూలైలో కుండపోత వానలప్పుడు సైబరాబాద్ ట్రాఫిక్ పోలీసులు ఐటీ కంపెనీలకు విడతలవారీ లాగౌట్ సూచించారు. ఐకియా నుంచి సైబర్ టవర్స్ దాకా ఉన్నవాళ్లు మూడింటికి, బయోడైవర్సిటీ, రాయదుర్గం వైపు వాళ్లు నాలుగున్నరకు, ఫైనాన్షియల్ డిస్ట్రిక్ట్, గచ్చిబౌలి వాళ్లు మూడు నుంచి ఆరు లోపు. లాగౌట్ అనేది కంప్యూటర్ మాట. దాన్ని పోలీసు శాఖ రోడ్డు కోసం వాడింది, జనానికి అర్థమైంది కూడా. నా మటుకు ఐటీ మన భాషలోకి ఎంత దిగిందో చెప్పడానికి ఇంతకన్నా మంచి ఉదాహరణ దొరకదు. పెళ్లికాని కొడుకును "ఇంకా బెంచ్ మీదే ఉన్నాడు" అనే తల్లులున్నారు. ఉద్యోగంలో బెంచ్ అంటే ప్రాజెక్టు లేక ఖాళీగా కూర్చోవడమని ఆవిడకు కొడుకే చెప్పి ఉంటాడు.

భక్తి కూడా దీని వెంటే వచ్చింది. చిలుకూరు బాలాజీని వీసా బాలాజీ అంటారు. కోరిక చెప్పుకునేటప్పుడు 11 ప్రదక్షిణలు, తీరాక 108. ఎన్నో ప్రదక్షిణో మర్చిపోకుండా టిక్ పెట్టుకోవడానికి చేతిలో అట్టముక్క. ఆ ప్రదక్షిణల అవతలి ఒడ్డు అమెరికా. అక్కడి జనగణన శాఖ లెక్కల్లో 2010 నుంచి 2017 మధ్య ఇళ్లలో తెలుగు మాట్లాడేవాళ్లు 86 శాతం పెరిగారు. ఏ డాలస్ శివారులోనో ఉన్న కొడుకు పంపే డబ్బుతో నల్లగండ్లలో తల్లిదండ్రుల పేర ఫ్లాట్ కొంటారు. ఆ కొనుగోళ్లు అక్కడి ధరల్ని పెంచుతాయి. అది చూసి ఇక్కడున్న టీచర్, గుమాస్తా, ఆటో డ్రైవర్ ఇంకో పది కిలోమీటర్లు అవతలికి జరుగుతారు. మా ఆటో డ్రైవర్ ఉండేది పటాన్‌చెరు దగ్గర. రోజూ ఖాళీ బండితో గచ్చిబౌలి వస్తాడు.

గేటు దగ్గర

గుంపు పెరిగేకొద్దీ లోపలికెవరు, బయటికెవరు అన్న ప్రశ్న పెద్దదవుతుంది. మా అపార్ట్‌మెంట్‌లో గేటు యాప్ పెట్టారు. పనమ్మ గేటు దగ్గర కోడ్ కొట్టగానే నాకు ఫోన్‌లో మెసేజ్ వస్తుంది: వచ్చింది, ఇన్ని గంటలకు. వెళ్లినప్పుడూ అంతే. నెల చివర ఎన్ని రోజులు వచ్చిందో పట్టిక. ఆమెకు రేటింగ్ ఇవ్వమని కూడా అడుగుతుంది యాప్. ఒకరోజు మా ఆవిడతో "నేనూ మీలెక్కనే లాగిన్ అయితున్ననమ్మా, మరి మీలెక్క సెలవు?" అంది. మేం సమాధానం వెతుక్కున్నాం. ఆఫీసులో మా స్వైప్ కార్డు మీద విసుక్కునేది మేమే, ఇంట్లో ఆమె హాజరు పట్టిక చూసుకునేదీ మేమే. ఒకప్పుడు "రేపు రానమ్మా, మా పాపకు జ్వరం" అంటే అది రెండిళ్ల మధ్య మాట. ఇప్పుడది రికార్డు. ఆమె మానేసి వేరే బ్లాకులో చేరబోతే, ఆ రికార్డు ఆమెకన్నా ముందే అక్కడ ఉంటుంది.

డెలివరీ కుర్రాళ్లదీ ఎదురు బిల్డింగ్ లెక్కే. ఆర్డర్లు ఎక్కడ ఎక్కువ వస్తున్నాయో యాప్ మ్యాప్ మీద రంగు వేసి చూపిస్తుంది. రాత్రి ఎనిమిది నుంచి పదిన్నర దాకా ఆ రంగు ఎక్కువగా ఇటువైపే ఉంటుంది కాబట్టి ఊరి నలుమూలల నుంచి బండ్లు ఇక్కడికొస్తాయి. వాళ్లలో బీటెక్ చదివి, అమీర్‌పేట కోర్సు చేసి, ఇంకా ఆఫర్ రానివాళ్లున్నారు. పొద్దున ఇంటర్వ్యూ, రాత్రి డెలివరీ. తను చేరాలనుకున్న కంపెనీ గేటు దగ్గరే బిర్యానీ ప్యాకెట్ పట్టుకుని ఓటీపీ కోసం నిలబడతాడు.

గుంపుకు నేల కూడా కావాలి. ఈ రాతిగుట్టలు రెండొందల యాభై కోట్ల ఏళ్ల నాటి గ్రానైట్. వాటిని కాపాడమని 1996 నుంచే ఒక సంఘం మొత్తుకుంటోంది. పేలుళ్ల చప్పుడు ఆగలేదు. 2025 మార్చి చివర్లో హైదరాబాద్ కేంద్రీయ విశ్వవిద్యాలయం పక్కన కంచ గచ్చిబౌలిలో 400 ఎకరాల్లో బుల్డోజర్లు దిగాయి. ఐటీ పార్కులకోసం ఆ భూమిని సిద్ధం చేయాలన్నది ప్రభుత్వ ఉద్దేశం. విద్యార్థులు అడ్డుపడ్డారు, నెమళ్ల అరుపుల వీడియోలు ఫోన్లన్నీ తిరిగాయి, ఏప్రిల్ 3న సుప్రీంకోర్టు చెట్ల నరికివేత ఆపమంది. ఆ వీడియోల్ని ఎక్కువగా షేర్ చేసినవాళ్లలో చుట్టుపక్కల అద్దాల బిల్డింగుల్లో పనిచేసేవాళ్లే కనిపించారు నాకు. వాళ్లను వెక్కిరించడం తేలిక, చాలామంది వెక్కిరించారు. నాకు మాత్రం అది సరైన మాటగా తోచలేదు. ఎదురు బిల్డింగ్ ఎక్కడ కట్టాలో ఉద్యోగిని ఎవరూ అడగలేదు.

మరి ఈ గుంపు ఎప్పటికైనా చెదురుతుందా? చెదిరే సూచన ఒకటి తూర్పు తీరంలో కనిపిస్తోంది గానీ, అది మనం ఊహించిన రూపంలో లేదు. 2025 ఏప్రిల్‌లో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం విశాఖలో టీసీఎస్‌కు 21.16 ఎకరాలు 99 పైసలకు ఇవ్వాలని నిర్ణయించింది. ఎదురు బిల్డింగులు తయారుచేయాలంటే మొదటి బిల్డింగ్‌ను ఊరికే ఇచ్చినా నష్టం లేదన్నది దాని వెనక లెక్క. 1998లో మాదాపూర్‌లో వేసిన లెక్కకు చెల్లెలు లాంటిది. 2025 అక్టోబర్‌లో గూగుల్ విశాఖలో డేటా సెంటర్ కోసం 1500 కోట్ల డాలర్ల పెట్టుబడి ప్రకటించింది. అది మాత్రం వేరే జాతి. డేటా సెంటర్‌కు కరెంటు కావాలి, చల్లబరచడానికి నీళ్లు కావాలి, సముద్రం కింద నుంచి వచ్చే కేబుల్ దగ్గర్లో ఉండాలి. చెరకు ఫ్యాక్టరీలాగా దానికి మళ్లీ చోటుతో పని పడింది. మనుషులతో పనే అంతగా లేదు. కట్టేటప్పుడు కూలీలు, మేస్త్రీలు వేలల్లో ఉంటారు. కట్టాక లోపల వరసగా అలమరాల్లో యంత్రాలు, బయట జనరేటర్లు, షిఫ్టుకు కొద్దిమంది టెక్నీషియన్లు, సెక్యూరిటీ. నోటీస్ పీరియడ్ లేదు, షేరింగ్ లేదు, లాగౌట్ అసలే లేదు.

మా బావది మధురవాడలో చిన్న టిఫిన్ సెంటర్. పేపర్లో వార్త చూసి ఫోన్ చేశాడు. "ఒరే, గూగుల్ వస్తందంట, గేటు ఎదురుగా కర్రీ పాయింట్ పెట్టేద్దామనుకుంటన్నా. అడ్వాన్సు ఇప్పుడే ఇచ్చేస్తే అద్దె తక్కువలో వస్తది. నువ్వా లైన్లో ఉన్నావు కదా, రోజుకు ఎంతమంది భోంచేస్తారంటావ్?"

కనుక్కుని చెప్తాను, అప్పటిదాకా అడ్వాన్సు ఇవ్వకు బావా అన్నాను.